తొట్లె పేరు

పంతులు పంచాంగం మూసి, కళ్లజోడు తీసి కండువా చెంగుతో తుడుచుకున్నాడంటే ఏదో గడ్డు మాట రాబోతున్నదని మా ఇంట్లో అందరికీ తెలుసు. ఆ రోజు రెండుసార్లు తుడుచుకున్నాడు.

నేను పుట్టింటికొచ్చి అప్పటికి రెండు రోజులే. మేముండేది చేవెళ్లలో. అక్కణ్నుంచి మా ఊరు కనకమామిడి ఎంతో దూరం కాదు, బస్సు దొరికితే అరగంట. అయినా ఒక్కగానొక్క తమ్ముడి పెళ్లికి ఆడబిడ్డ ఆఖరి రోజున చుట్టంలా దిగితే ఏం బాగుంటుంది? "పెండ్లి మాఘమాసంల గదనే, ఇప్పటిసంది పోయి ఏం జేస్తవ్?" అన్నాడు మా ఆయన. "పెండ్లి మాఘంలనే. లొల్లి ఇప్పటిసందే ఉంటది" అని బ్యాగు సర్దుకున్నాను. నా నోటి నుంచి వచ్చిన మాట ఊరికే పోదు.

చేలో చామంతి విరగబూసిన రోజులవి. మా తమ్ముడు ప్రశాంత్ రెండెకరాల్లో పసుపు చామంతి వేస్తాడు. కోసిన పూలు తెల్లారేసరికి గుడిమల్కాపూర్ మార్కెట్‌కు చేరాలి. ఆ వేళ పూల బండిని పంపించి, చేతులైనా సరిగ్గా కడుక్కోకుండా వచ్చి పంతులు ఎదురుగా కూర్చున్నాడు. తన పెళ్లి ముహూర్తం వినడానికి వాడికి అంత ఆత్రం.

"అబ్బాయి పేరు ప్రశాంత్. అంటే ఉత్తర నక్షత్రం, కన్యారాశి" అని పంతులు వేళ్ల మీద లెక్క మొదలుపెట్టాడు. "అమ్మాయి సాహిత్య. సా అంటే శతభిషం, కుంభరాశి. కన్య నుంచి కుంభం ఆరోది, అటు నుంచి చూస్తే ఎనిమిదోది. షష్ఠాష్టకం పడ్డదమ్మా. దానికి తోడు ఇద్దరిదీ ఒకటే నాడి. పేరుబలం లేదు."

మా ఇళ్లల్లో పిల్లలు పుట్టినప్పుడు గడియారం చూసేంత తీరిక ఎవరికీ ఉండదు. అందుకని జాతకాలూ ఉండవు. పేరులో మొదటి అక్షరాన్ని బట్టి నక్షత్రం, నక్షత్రాన్ని బట్టి పెళ్లి. అదే పేరుబలం. ఇది ముందే చూసుకోవాల్సింది. కానీ పిల్లలిద్దరూ ఇష్టపడ్డారు కదా అని మా బాపు తొందరపడి పూలుపండ్లు కానిచ్చేశాడు. సాహిత్య వేలికి ఉంగరం కూడా తొడిగాం. ఇప్పుడు బలం లేదంటే ఏం చెయ్యాలి? మా అమ్మ అరుణమ్మ చాయ్ కప్పులు పట్టుకుని నిలబడిన చోటే నిలబడిపోయింది.

"అంత ఫికర్ ఎందుకమ్మా?" అన్నాడు పంతులు. "అమ్మాయి పేరు మార్చుకుంటే సరిపాయె. క అక్షరంతోని పెట్టుకోండి, అన్ని కలిసొస్తయి."

అమ్మ ముఖం వెంటనే విప్పారింది. "కనకలక్ష్మి!" అన్నది, ఎప్పటి నుంచో నాలుక మీద పెట్టుకుని ఉన్నట్టు. "మన ఊరి పేరు కలిసొస్తది, లక్ష్మి కలిసొస్తది. కార్డుల గట్లనే కొట్టిద్దాం."

మా ఇంట్లో ఇది కొత్త కాదు. అమ్మ తన పుట్టింట్లో నర్సమ్మ. పెళ్లిపీటల మీది నుంచి లేచేసరికి అరుణమ్మ. నేను ఇరవయ్యేళ్లు పల్లవిని. పద్దెనిమిదేళ్ల కింద నా లగ్గానికి ముందు ఇదే పంతులు ఇలాగే కళ్లజోడు తుడుచుకున్నాడు, నేను నవతనయ్యాను. పాత పేరు ఎవరి నోటా రాకూడదని, వస్తే పోయిన దోషం తిరిగొస్తుందని చెప్పిపోయాడు. అమ్మ ఆ మాటను ఎంత గట్టిగా పట్టుకున్నదంటే, మా వాడలో పల్లవి అని వేరేవాళ్ల పిల్ల ఒకతె ఉంది, ఆ పిల్లను కూడా "ఓ పిల్లా" అంటుందే తప్ప పేరు పెట్టి పిలవదు.

ప్రశాంత్ నసిగాడు. "ఆమె ఒప్పుకోదేమో అమ్మా."

"పేరు మారిస్తే అరిగిపోతదా? నేను మార్చుకోలేదా? మీ అక్క మార్చుకోలేదా?" అన్నది అమ్మ. "నవతా, రేపు నువ్వే పోయి ఆ పిల్లకు చెప్పు. ఆడదానికి ఆడది చెప్తే వింటది."

సాహిత్యది చిన్న మంగళారం అనే ఊరు. చేవెళ్లలో మీసేవ నడుపుతుంది. జనం పేర్లు సరిచెయ్యడంతోనే ఆమెకు పొద్దు గడిచిపోతుంది. ఒకరికి ఆధార్‌లో ఒక పేరు, రేషన్ కార్డులో ఇంకో పేరు. మా తమ్ముడు ఆమెకు పరిచయమైందీ అక్కడే. మా పాత భూమి కాగితాల్లో తాత బాలమల్లు పేరును ఎవరో బాలమ్మ అని రాసిపెట్టారు. తాతను మళ్లీ మగవాణ్ని చెయ్యడానికి మూడుసార్లు తిరిగితే చాలు, ప్రశాంత్ పదకొండుసార్లు తిరిగాడు. ఇంకా పని కాలేదేమిరా అని బాపు అడిగితే "సర్వర్ బిజీ" అనేవాడు. ఆ సర్వర్ పేరు సాహిత్య అని మాకు ఆర్నెల్ల తర్వాత తెలిసింది.

నేను వెళ్లేసరికి కౌంటర్ ముందు నలుగురైదుగురు ఉన్నారు. "కూసో వదినా" అని కుర్చీ జరిపింది. వచ్చిన మాట ఎట్లా మొదలుపెట్టాలో తెలియక, మా అమ్మాయి కాలేజీ ఫారం కోసం తెచ్చుకున్న నా కాగితాలే ముందు ఆమె చేతిలో పెట్టాను.

"టెన్త్ మెమోల పల్లవి అని ఉన్నది. ఆధార్‌ల నవత. పల్లవి ఎవరు వదినా?"

"నేనే. పెండ్లికి ముందు."

సాహిత్య కంప్యూటర్ వదిలేసి నా వైపు చూసింది. "మంచి పేరు గదా. ఎవరు పెట్టిన్రు?"

"మా అమ్మనే. నేను కడుపుల ఉన్నప్పుడు రేడియోల విన్నదట."

ఆ తర్వాత చెప్పక తప్పలేదు. షష్ఠాష్టకం, నాడి, కనకలక్ష్మి, అన్నీ చెప్పేశాను. ఆమె విన్నది. మధ్యలో ఒక ముసలాయన సర్టిఫికెట్ ప్రింట్ తీసి, పిన్ను కొట్టి, చేతికిచ్చి పంపింది. అప్పుడు అన్నది.

"వదినా, బడిల నా పేరు సాహిత అని పడ్డది. ఒక్క యవత్తు లేదు, గంతే. ఆ యవత్తు కోసం ఏడాది తిరిగిన. బస్సెక్కి పట్నం పోవుడు, లైన్ల నిలవడుడు. ఒక గుమాస్తా అన్నడు, ఏముందమ్మా, ఇది సుత మంచిగనే ఉన్నది గదా అని. మంచిగనే ఉన్నది గని నాది గాదు సార్ అన్న. యవత్తే ఇడిసిపెట్టలే నేను. ఇప్పుడు మొత్తం పేరే ఇచ్చెయ్యమంటే ఎట్ల?"

"ఊకె కార్డు మీదనే సాహిత్యా. ముహూర్తం కోసం."

"మరి ఇంట్ల ఏమని పిలుస్తరు?"

జవాబు నా మెమో రూపంలో ఆమె బల్ల మీదే ఉంది.

"ప్రశాంత్ అంటే నాకు పానం. అది దాచుకునే ముచ్చట గాదు" అన్నది ఉంగరాన్ని వేలి చుట్టూ తిప్పుతూ. "గని కార్డు మీద సాహిత్య అని ఉంటేనే మా నాయన కార్డులు పంచుతడు. లేదంటే ఈ ఉంగరం తీస్కపోండ్రి."

ఆడబిడ్డగా నాకు కోపం రావాలి. రాలేదు. లోపలెక్కడో సంతోషమేసింది, ఆ వెంటనే భయమేసింది. ఈ పిల్ల మా ఇంటికి రాకుండా పోతుందేమోనని భయం.

ఆ తర్వాత పదిహేను రోజులు మా ఇల్లు ఇల్లులా లేదు. అమ్మ ఒకపూట అన్నం మానేసింది. మానేసిన పూటల్లో వంటింట్లోంచి సకినాలు విరిగే చప్పుడు వినిపించేది. బాపు బాల్‌రాజ్ ఎటూ చెప్పలేక చేలోనే పొద్దుపుచ్చాడు. ప్రశాంత్‌కు పూలు పంపడం, పంతుళ్ల దగ్గరికి పోవడం, ఇదే పని. శంకర్‌పల్లి పంతులు ఇంటి గేటు తూర్పుకు తిప్పమన్నాడు. వికారాబాద్ పంతులు రెండేళ్లు ఆగమన్నాడు. చివరికి ఫోన్లో ఏదో యాప్ పెట్టుకుని "అమ్మా, ఇండ్ల కలుస్తున్నది చూడు" అని చూపించాడు. "ఫోను నీదాయె, నీ ముచ్చటే చెప్తది" అన్నది అమ్మ.

అసలు మందు మా ఇంట్లోనే ఉంది. అది నాకు మూడో రోజే తట్టింది.

మా తమ్ముడి తొట్లె పేరు ప్రశాంత్ కాదు. వాడు పుట్టడానికి మూడు నెలల ముందు తాత పోయాడు. ఇరవై ఒకటో రోజున తొట్లెలో వేసి, బాపే వంగి వాడి చెవిలో "బాలమల్లు" అని మూడుసార్లు చెప్పాడు. బడి కోసం ప్రశాంత్ అని రాయించారు గానీ, రెండో తరగతి దాకా వాడు ఇంటికీ వాడకూ బాలమల్లే. పక్కింటి రంజిత్ ఊరుకున్నాడా? "బాలమల్లు తాతా, నీ పండ్లెక్కడ పోయినయి?" అని దారంతా పాడేవాడు. ఒకనాడు మా వాడు రంజిత్ చెవి కొరికేశాడు. నెత్తురొచ్చింది. ఇంటికొచ్చి ఒక మూలన కూర్చుని, ఆ పేరు తీసేస్తే గాని అన్నం తిననని రెండు రోజులు పస్తున్నాడు. చివరికి బాపే దిగొచ్చాడు. "సరే. ఇగ ఎవ్వరు పిలువకుండ్రి" అని చెప్పి చేలోకి వెళ్లిపోయాడు. ఆ పూట బాపు కూడా అన్నం తినలేదని నాకు గుర్తు. తమ్ముడు మాత్రం కడుపు నిండా తిని, నా చేయి తన నెత్తిన పెట్టించుకుని ఒట్టు వేయించుకున్నాడు, ఆ పేరు ఇక ఎవరికీ చెప్పవద్దని.

వద్దన్న పేరును మరిచిపోవడంలో మా ఇల్లు ఆరితేరింది. పంతులు అబ్బాయి పేరేమిటని అడిగితే అమ్మ ప్రశాంత్ అనే చెప్పింది, నిజంగానే ఆమెకు ఇంకోటి గుర్తు రాలేదు. నేను ఒట్టుకు కట్టుబడి, వాడికొక్కడికే మెల్లగా అందించాను.

"తమ్మీ, నీ తొట్లె పేరు చెప్పి చూడరాదుర?"

వాడు ఉలిక్కిపడి అటూ ఇటూ చూశాడు. "అక్కా, ఒట్టు పెట్టినవ్!"

"నీకే చెప్తున్నరా, ఇంకెవ్వరికి చెప్పలే."

"ఎనిమిది వందల కార్డులల్ల ఆ పేరా? చౌరస్తా కాడ ఫ్లెక్సీ మీద ఆ పేరా? రంజిత్‌గాడు నన్ను బతకనిస్తడా? నీకు దండం పెడ్త, ఆ ముచ్చట తియ్యకు."

ఇరవై ఎనిమిదేళ్లొచ్చినా చెవి కొరికిన పిల్లవాడు వాడిలో అలాగే ఉన్నాడు.

ఈ గొడవలోనే ప్రీ వెడ్డింగ్ షూటింగ్ రోజు వచ్చిపడింది. చేవెళ్ల ఫోటోగ్రాఫర్ సాయిచంద్ సీజన్లో ఒక తేదీ ఇచ్చాడంటే ఇచ్చాడు, ఎవరి ఇంట్లో ఏం జరిగినా మార్చడు. కనకమామిడిలోనే పట్నం వాళ్ల ఫామ్‌హౌస్ ఒకటి ఉంది, ఈతకొలను, పచ్చగడ్డి, అన్నీ. దాని వాచ్‌మన్‌ను బతిమాలి సందు సంపాదించాడు. పెద్దరికానికి నేను వెంట వెళ్లాను.

సాహిత్య పసుపు చీరలో వచ్చింది. కోపంగా ఉన్నా కళగానే ఉంది. సాయిచంద్ ఇద్దరి బట్టలకూ చిన్న మైకులు తగిలించి, కెమెరా ఆన్ చేసుకుని, ఆటోలోంచి మనిషెత్తు థర్మాకోల్ అక్షరాలు దింపించడం మొదలుపెట్టాడు. కొలను ఒడ్డున వరసగా నిలబెట్టాలట. ముందు సా దిగింది. తర్వాత హి. తర్వాత క దిగింది, న దిగింది, ఇంకో క దిగింది.

"ఆ క అక్షరాలు ఎవరియి?" అన్నది సాహిత్య.

సాయిచంద్ తల గోక్కున్నాడు. "అరుణమ్మ ఫోన్ చేసి కనకలక్ష్మి అని చేయించుమన్నది మేడం. ఎందుకైనా మంచిదని రెండు సెట్లు తెచ్చిన."

నేను నెత్తి కొట్టుకున్నాను. సాహిత్య ప్రశాంత్ వైపు తిరిగింది.

"నువ్వు చెప్పలేదా మీ అమ్మకు?"

"చెప్పిన. వినలే."

"గట్టిగ చెప్పినవా?"

"చెప్పిన. మధ్యరకంగ."

"మధ్యరకంగనా!" ఆమె ఒక అడుగు ముందుకేసింది, వాడు ఒక అడుగు వెనక్కేశాడు. "ఒక్క ముచ్చట అడుగుత చెప్పు. మా నాయనొచ్చి, నీ పేరు మార్చుకుంటేనే పిల్లనిస్త అంటే నువ్వు మార్చుకుంటవా?"

ప్రశాంత్ నా వైపు చూశాడు. నేను ఆకాశం వైపు చూశాను. వాడు ఇంకో అడుగు వెనక్కేశాడు, అక్కడ నేల లేదు.

నీళ్లు మా మీద దాకా ఎగిరాయి. "సూపర్ అన్నా!" అని అరిచాడు సాయిచంద్ కెమెరా దించకుండానే. "ఇంకొక్కసారి పడుతవా, క్లోజప్ తీస్త!"

మొదట నవ్వింది సాహిత్యే. గడ్డి మీద కూలబడి, కళ్లల్లో నీళ్లొచ్చేదాకా నవ్వింది. నవ్వుతూనే చేయందించి వాణ్ని పైకి లాగింది. చలికాలం, వాడు వణుకుతున్నాడు. తన కొంగుతో వాడి తల తుడుస్తూ మెల్లగా నవ్వు ఆపేసింది.

"జవాబు చెప్పలే నువ్వు."

"రేపు చెప్త" అన్నాడు పళ్లు టకటకలాడుతుంటే.

మర్నాడు కార్డుల మ్యాటర్ ఇవ్వాలి. పంతులు తన చేత్తో రాసిచ్చిన కాగితాన్ని అమ్మ నా పర్సులో పెట్టింది, కొడుకు మీద నమ్మకం లేక. చేవెళ్లలో నర్సింహులు ప్రెస్సు చాలా పాతది, నా పెళ్లి కార్డూ అక్కడే అచ్చయింది.

నర్సింహులు కాగితం ముందు పెట్టుకుని పైకి చదువుతూ టైపు కొట్టసాగాడు. "వరుడు చిరంజీవి ప్రశాంత్. వధువు చిరంజీవి లక్ష్మీ సౌభాగ్యవతి కనకలక్ష్మి..."

"ఆగన్నా" అన్నాడు ప్రశాంత్. "వధువు పేరు సాహిత్య. తకు యవత్తు ఉంటది. జర చూసి కొట్టు, అది పోతే నాకు పెండ్లే లేదు."

"తమ్మీ, అమ్మ..." అన్నాను నేను.

"వరుడి పేరు బాలమల్లు."

నర్సింహులు కుర్చీ ఇటు తిప్పాడు. "ఆయనెవరు? మరి నువ్వు?"

"నేనే అన్నా. తొట్లె పేరు."

నర్సింహులు వాణ్ని కిందికీ పైకీ చూసి, "బాలమల్లు" అని ఒకసారి అనుకున్నాడు. మళ్లీ కంప్యూటర్ వైపు తిరిగాడు. "సన్నక్షరాలు పెట్టాల్నా, లావువి పెట్టాల్నా?"

"లావువే పెట్టు."

నేను బయటికొచ్చి పంతులుకు ఫోన్ చేశాను. అవతల పంచాంగం తిరగేసిన చప్పుడు. "వకు బకు భేదం లేదమ్మా. బా అంటే రోహిణి, వృషభరాశి. కుంభానికి వృషభం నాలుగోది. నాడి వేరు. దివ్యంగ ఉన్నది! తొట్లెల పెట్టిన పేరుండగ బడి పేరెందుకు చెప్పిన్రు? అది లెక్కకే రాదు" అని నన్నే కోప్పడ్డాడు. పదిహేను రోజుల లొల్లి, అమ్మ సకినాలు, వికారాబాద్ ప్రయాణం, అంతా లెక్కకు రాని పేరు కోసమన్నమాట!

"ఎట్ల మనసొచ్చిందిరా నీకు?" అని అడిగాను.

ప్రశాంత్ బండి తాళం చేతిలో తిప్పుతూ నిలబడ్డాడు. "ఆమె ఒక్క యవత్తు కోసం ఏడాది తిరిగింది గదక్కా. నేను మొత్తం పేరే పారేసిన."

అక్కణ్నుంచి మీసేవకు నడిచే వెళ్లాం. వాడు నేరుగా లోపలికి పోలేదు, లైన్లో నిలబడ్డాడు. ముందున్న ముగ్గురి పనీ అయ్యేదాకా నిలబడి, కౌంటర్ దగ్గరికి వచ్చాక ఒక చీటీ జరిపాడు. సాహిత్య తలెత్తకుండా "ఏం కరెక్షన్?" అన్నది.

"పేరు."

చీటీ మీద ఉన్నది నేనూ చూశాను. తప్పు పేరు: ప్రశాంత్. సరైన పేరు: బాలమల్లు.

"ఇది మీ తాత పేరు గదా?"

"నాది సుత. తొట్లెల మా బాపు పెట్టిండు. చిన్నప్పుడు సిగ్గయి పారేసిన. ఇప్పుడు కార్డు మీద కొట్టించి వస్తున్న. నీది నీకే ఉన్నది, యవత్తుతోని సహా."

సాహిత్య ఆ చీటీని రెండుసార్లు చదివింది. రెండు చేతుల్తో ముఖం కప్పుకున్నది. వేళ్ల సందుల్లోంచి నవ్వు వినిపించింది, వేళ్ల మీది నుంచి కన్నీళ్లు జారాయి. వెనక లైన్లో ఎవరో "ఏమైందమ్మా, పని అయితదా కాదా?" అన్నారు. ఆమె ముఖం తుడుచుకుని అందరికీ వినపడేట్టు చెప్పింది.

"సర్వర్ బిజీ ఉన్నది. జర ఆగుండ్రి."

ఇంట్లో కథ అంత తేలిగ్గా తేలలేదు. అచ్చయిన మొదటి కార్డు చూసి అమ్మ కార్డుతోపాటు లేచి నిలబడింది. "పెండ్లి పిల్ల పేరు మారుస్తరు గని పెండ్లి పిల్లగాని పేరు మార్చుకునుడు యాడన్న ఉన్నదా? రేపు చుట్టాలకు ఏమని చెప్పాలె?"

బాపు ఆమె చేతిలోంచి కార్డు తీసుకున్నాడు. కళ్లకు దగ్గరగా పెట్టుకుని చదివాడు. ఆ లావు అక్షరాల మీద బొటనవేలితో ఒకసారి రుద్దాడు, రంగు అంటుతుందేమో చూస్తున్నట్టు.

"మార్చుకోలే అరుణా" అన్నాడు. "వాని పేరు వాడు తీసుకున్నడు."

ఇరవై ఏళ్ల కింద అన్నం తినకుండా చేలోకి వెళ్లిపోయిన మనిషి, ఆ పూట కూర బాగుందని రెండుసార్లు వడ్డించుకుని తిన్నాడు. అమ్మ ఇక నోరెత్తలేదు.

రంజిత్ ఎత్తాడు. కనకమామిడి చౌరస్తాలో పది అడుగుల ఫ్లెక్సీ కట్టించాడు. "మా బాలమల్లన్నకు పెండ్లి శుభాకాంక్షలు" అని రాయించి, కింద తన ఫోటో వేయించుకున్నాడు, చెవి మీద చేయి అడ్డం పెట్టుకుని. ప్రశాంత్ దాని ముందు బండి ఆపి కాసేపు చూశాడు. నేను భయపడ్డాను గానీ, వాడు పగలబడి నవ్వాడు. ఆ సాయంత్రం ఇద్దరూ ఒకే కంచంలో తిన్నారు.

పెళ్లికి ఐదు రోజుల ముందు పసుపు దంచుతున్నాం. పాటలు పాడి అలిసిపోయి ఆడవాళ్లంతా చాయ్ తాగడానికి లేచారు. రోలు దగ్గర నేనూ అమ్మా మిగిలాం. అమ్మ రోకలి పట్టుకుని, దంచకుండా నిలబడింది.

"నీ లగ్గానికి పేరు మార్చినప్పుడు నీకు బాధైందానే?"

పద్దెనిమిదేళ్లలో ఆ ప్రశ్న ఎప్పుడూ రాలేదు. వస్తే ఏం చెప్పాలో ఎన్నిసార్లు అనుకున్నానో! అత్తగారింట్లో మొదటి నెలంతా నవతా అని పిలిస్తే ఎవరినో అనుకుని పలకలేదని, పొగరుబోతు పిల్ల అని పేరొచ్చిందని, ఒంటరిగా ఉన్నప్పుడు అద్దంలో చూసుకుని నన్ను నేనే పిలుచుకునేదాన్నని చెప్పాలనుకున్నాను. తీరా ఇప్పుడు ఆమె ముఖం చూస్తే అంత పెద్ద మాట పెట్టబుద్ధి కాలేదు.

"లేదమ్మా. ఏం కాలే" అని అబద్ధం చెప్పాను.

అమ్మ నన్ను అలాగే చూసింది. "రేడియోల విన్న ఆ పేరు" అన్నది, పేరు మాత్రం చెప్పకుండా. తర్వాత రోకలెత్తి దంచసాగింది.

పెళ్లి చిన్న మంగళారంలో జరిగింది. మండపం నిండా మా చేలో పసుపు చామంతే. భోజనాల వేళ సాయిచంద్ పెద్ద తెర మీద తన సినిమా వేశాడు. పాటలు, డ్యాన్సులు ఏమీ లేవు, మొదటి నుంచి చివరి దాకా తగువే! "గట్టిగ చెప్పినవా?" "మధ్యరకంగ" అన్న మాటలు మైకుల్లో ఖంగుమంటుంటే జనం ముద్దలు మింగలేక నవ్వారు. వరుడు నీళ్లలో పడ్డ ముక్కను మూడుసార్లు తిప్పి వేయించుకున్నారు. అమ్మ మాత్రం రెండు కకారాలు ఆటో దిగుతుంటే తల దించుకుని, కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది.

పొద్దు వాలుతుండగా కొత్త జంట మా ఇంటి ముందు దిగింది. గడప దగ్గర, ఆడబిడ్డగా నేను చేతులు చాపి అడ్డం నిలబడ్డాను. ఒకరి పేరు ఒకరు చెప్పనిదే లోపలికి రానివ్వకపోవడం నా హక్కు. వెనకాల ఇల్లంతా చుట్టాలు, పక్కన పంతులు.

"ఎవరితోని వచ్చినవ్ తమ్మీ?"

"సాహిత్యతోని" అన్నాడు వాడు, యవత్తును గట్టిగా ఒత్తి.

"నువ్వు ఎవరితోని వచ్చినవమ్మా?"

సాహిత్య గొంతు సవరించుకున్నది. "బాలమల్లుతోని!" అన్నది వీధి చివర దాకా వినపడేట్టు. రంజిత్ ఈల వేశాడు. మా బాపు ఎటో చూస్తూ మీసం తుడుచుకున్నాడు.

నేను చేతులు దించబోయాను. సాహిత్య కదల్లేదు.

"మా పేర్లు మేం చెప్పినం. దర్వాజకు అడ్డం నిలవడ్డది ఎవరో కూడ చెప్పాలె గదా. నేను కొత్తదాన్ని, నాకెట్ల తెలుస్తది?"

అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు. నవత అని చెప్పేస్తే అయిపోతుంది, పద్దెనిమిదేళ్లుగా చెప్తున్నదే. ఎందుకో ఆ క్షణాన అది నోట్లోంచి రాలేదు. చేతులు చాపినవి చాపినట్టే ఉండిపోయాయి.

లోపలి నుంచి హారతి పళ్లెం పట్టుకుని అమ్మ వచ్చింది. నా వెనక ఆగింది. దీపం వేడి నా మెడకు తగులుతున్నది.

"పల్లవీ" అన్నది అమ్మ. "జర జరుగు బిడ్డా. పిల్లలు ఎంతసేపని నిలవడ్తరు?"

పంతులు కళ్లజోడు తీశాడు. తుడుచుకోకుండానే మళ్లీ పెట్టుకున్నాడు.

"ఆ అమ్మా" అని పలికి, నేను జరిగాను.